బూషా ఇంటి పులుపు జాడీ

మొన్న వేసవిలో తెనాలి దగ్గర మా మేనకోడలి ఇంటికి వెళ్లాను. పాతకాలపు వంటలంటే ఆ పిల్లకు ప్రాణం. వంటింటి మూల ఒక మట్టికుండ వాసెన కట్టి ఉంది. "అత్తయ్యా, ఇందులో ఏముందో చెప్పు" అంటూ గుడ్డ విప్పింది. చూడకుండానే తెలిసింది. తరవాణి, అన్నం పులియబెట్టిన నీళ్లు.

ఆ పులుపు వాసనకు నా మనసు మా అమ్మమ్మ ఇంటి వసారాలోకి పోవాలి. చిన్నప్పుడు ఆ తరవాణి తేట పోసిన చద్దన్నం తినే బడికి వెళ్లినదాన్ని. కానీ నా కళ్ల ముందు కనిపించింది అమ్మమ్మ కాదు. మంచు కురిసే ఊళ్లో, ఒక చెక్క ఇంటి నేలమాళిగలో, పూల రుమాలు తలకు కట్టుకుని, రాతిజాడీ మీదికి వంగి వాసన చూస్తున్న ఒక ముసలావిడ. బూషా.

ఆమె పోయి ముప్పై ఏళ్లు దాటింది. ఆమె మాటలు, ఆమె మనుషుల సంగతులు గుర్తున్నంతవరకు రాసి పెట్టాలని ఆ రోజే అనుకున్నాను.

*

మిచిగన్ రాష్ట్రంలో డెట్రాయిట్ నగరం మధ్యలో హామ్‌ట్రామిక్ అనే ఊరుంది. రెండు చదరపు మైళ్లకు కాస్త ఎక్కువ, అంతే. చుట్టూ దాదాపు అన్ని వైపులా డెట్రాయిటే అయినా అది వేరే ఊరు. దాని మేయరు వేరు, దాని పోలీసులు వేరు. మా వారికి ఒక మోటారు కంపెనీలో ఉద్యోగం వచ్చి మేము అమెరికా చేరిన కొత్తలో, అద్దె తక్కువని ఎవరో చెబితే అక్కడికి వెళ్లాం.

ఇరుకైన స్థలాల్లో ఒకదానికొకటి భుజాలు రాసుకుంటూ నిలబడ్డ రెండంతస్తుల చెక్క ఇళ్లు. కింద యజమాని, పైన అద్దెకున్నవాళ్లు. ఇంటికీ ఇంటికీ మధ్య ఒక మనిషి పక్కకు తిరిగి నడిచేంత సందు. మేము వెళ్లేసరికి ఇంటి యజమాని ముసలావిడ చీపురు పట్టుకుని ఇంటి ముందు కాలిబాట ఊడుస్తోంది. ఊడ్చాక బకెట్టుతో నీళ్లు తెచ్చి మెట్లు కడిగింది. అది చూసి నేను మా వారితో, ఈ ఇల్లే తీసుకుందాం అన్నాను. వాకిలి కడిగే మనుషులున్న చోట నాకు భయం ఉండదనిపించింది.

ఆమె పోలిష్ ఇంటిపేరు పలకడానికి నేను పడుతున్న అవస్థ చూసి, "బూషా అను, అందరూ అంటారు" అంది. నాయనమ్మను, అమ్మమ్మను పిలిచే పిలుపు అది. పోలండ్‌లో అయితే బాబ్చా అంటారట. ఈ బూషా అనే మాట మిచిగన్, షికాగోల్లోని పోలిష్ ఇళ్లలో నిలిచిపోయింది. తర్వాత ఎప్పుడో పోలండ్ నుంచి కొత్తగా వచ్చిన ఒకావిడ, ఈ మాట మేము వినలేదే అని ఆశ్చర్యపోతే బూషా నొచ్చుకుంది. "మా అమ్మ తెచ్చిన భాష ఇది. అక్కడ మీరు మార్చుకుంటే తప్పు మాదా?" అంది. ఊరు విడిచి వెళ్లినవాళ్ల దగ్గర పాత మాటలు భద్రంగా ఉండటం మా తెలుగువాళ్లలోనూ తర్వాత చాలాసార్లు చూశాను.

నన్ను ఆమె "త్సురెచ్కో" అని పిలిచేది. చిట్టితల్లీ అన్నట్టు. మొదటి శీతాకాలం నాకు ఆ ఒక్క పిలుపే ఆసరా.

*

బూషాకు రెండు వంటిళ్లు. పైది తళతళలాడుతూ ఉండేది, అందులో టీ తప్ప ఏమీ కాచేది కాదు. అసలు వంటంతా నేలమాళిగలో. అక్కడొక పాత గ్యాసు పొయ్యి, పెద్ద బల్ల, గోడ పక్కన సీసాల వరస, మూల రాతిజాడీలు. ఆ వీధిలో చాలా ఇళ్లలో అంతే. పై వంటిల్లు చుట్టాలకు చూపించడానికి, కింది వంటిల్లు బతకడానికి.

ఒక జాడీలో క్యాబేజీ తురుము ఉప్పు వేసి, బరువు పెట్టి పులియబెట్టేది. ఇంకో దాంట్లో దోసకాయలు, సోయికూర రెమ్మలతో. చిన్న జాడీలో రై అనే ధాన్యపు పిండి, గోరువెచ్చటి నీళ్లు, వెల్లుల్లి, ఎండిన రొట్టె అంచు. దాని మీద గుడ్డ కట్టి నాలుగైదు రోజులు కదపకుండా ఉంచేది. ఆ పులిసిన తేటతో కాచే చారు పేరు జూరెక్. వాళ్లు ఈస్టర్‌కు దాంట్లో మాంసం, గుడ్డు వేసుకుంటారు. నా కోసం బంగాళాదుంపలు, ఎండు పుట్టగొడుగులు వేసి విడిగా కాచేది.

మొదటిసారి ఆ గుడ్డ విప్పినప్పుడు నాకు ఏడుపొచ్చింది. ఎందుకు ఏడుస్తున్నానో ఆమెకు చెప్పడానికి నా దగ్గర చాలినంత ఇంగ్లీషు లేదు, ఆమె దగ్గరా లేదు. కుండ ఆకారం చేతులతో చూపించి, బియ్యం చూపించి, "మా అమ్మమ్మ" అన్నాను. ఆమె నా చేతిలో గరిటె పెట్టి "కలుపు" అంది.

నేను మాంసం ముట్టనని తెలిసినప్పుడు ఆమె కంగారుపడలేదు. వాళ్లకు శుక్రవారాలు, ఈస్టరు ముందు నలభై రోజుల ఉపవాస దినాలు ఉన్నాయి. "నీకు రోజూ శుక్రవారమే అన్నమాట" అని తేల్చేసింది. శుక్రవారం పియెరోగి చేసే రోజు. మైదా పిండి పలచగా ఒత్తి, గ్లాసుతో గుండ్రంగా కోసి, లోపల ఉడికించిన బంగాళాదుంప, పన్నీరు లాంటి తెల్ల జున్ను పెట్టి, మడిచి అంచులు నొక్కుతారు. అచ్చం మన కజ్జికాయే, కాకపోతే నూనెలో కాక నీళ్లలో ఉడుకుతుంది. అంచు నొక్కడం నేను ఎవరి దగ్గరా నేర్చుకోనక్కర్లేదు. నా వేళ్ల పని చూసి ఆమె, పక్కింటి ఇద్దరు ముసలమ్మలను పిలిచి చూపించింది.

ఒకరోజు పొయ్యి వెలిగిస్తూ "ఒగ్యెన్" అంది. నిప్పు. నేను "అగ్ని" అన్నాను. ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. తర్వాత అదొక ఆటైపోయింది మాకు. పొగను ఆమె దిమ్ అంటే నేను ధూమం అనేదాన్ని. వందను స్తో అంటే శతం. పుట్టినరోజు నాడు వాళ్లు పాడే పాట "స్తో లాత్", అంటే నూరేళ్లు. నిండు నూరేళ్లు బతకమనే దీవెనే అది. ఇది విని ఆమె సంతోషించినంత నేనూ సంతోషించాను.

*

ఆ ఊరి చప్పుళ్లు ఇప్పటికీ చెవిలో ఉన్నాయి. సెయింట్ ఫ్లోరియన్ చర్చి గంటలు. ఆకాశాన్ని అంటినట్టుండే ఆ చర్చిని 1928లో కట్టారు. నమూనా గీసింది రాల్ఫ్ ఆడమ్స్ క్రామ్ అనే పేరున్న వాస్తుశిల్పి. డబ్బు మాత్రం ఫ్యాక్టరీ కార్మికులది. వారం కూలిలోంచి నాణేలు తీసి కట్టుకున్నారని చెప్పేటప్పుడు బూషా వేళ్లు నాణెం లెక్కపెడుతున్నట్టు కదిలేవి. ఆదివారం మధ్యాహ్నం కిటికీల్లోంచి రేడియోలో పోల్కా పాటలు, అకార్డియన్. శనివారం జోసెఫ్ కాంపో వీధి నిండా జనం. రొట్టెల దుకాణంలో పోలిష్‌లో అడిగితేనే అమ్మాయి ముందు పలికేది. నేను "జెన్‌ దోబ్రి", "జెన్‌కూయే" నేర్చుకున్నది అక్కడే. ఒకటి నమస్కారం, ఒకటి కృతజ్ఞత.

ఈస్టర్ ఉపవాసాలు మొదలయ్యే ముందు మంగళవారం మాత్రం తెల్లవారకముందే ఆ వీధిలో బారులు తీరేవారు. పోంచ్కి కోసం. ప్లం పండు మురబ్బా లోపల పెట్టి, నిండా నూనెలో వేయించిన లావుపాటి బూరెలు. ఉపవాసం ముందు ఇంట్లో ఉన్న నెయ్యి, గుడ్లు, చక్కెర అయిపోవాలని పెట్టుకున్న ఆనవాయితీ. చలికి ముక్కులు ఎర్రబడ్డా ఎవరూ వరస వదిలేవారు కాదు.

*

బూషా మంచం కింద ఒక చెక్కపెట్టె. అందులో ఒక కాగితం. ఆమె ఏడేళ్ల పిల్లగా తల్లి కొంగు పట్టుకుని ఓడ దిగినప్పటిది. అందులో దేశం అన్నచోట ఆస్ట్రియా అని ఉంది.

"నువ్వు పోలండ్ మనిషివి కదా" అన్నాను.

"అప్పుడు పోలండ్ లేదు" అంది.

నాకు అర్థం కాలేదు. అప్పుడు బల్ల మీద పిండి చల్లి, వేలితో మూడు గీతలు గీసింది. 1795 నాటికి రష్యా, జర్మన్ రాజ్యమైన ప్రష్యా, ఆస్ట్రియా ఆ దేశాన్ని పూర్తిగా పంచుకున్నాయి. 1918 వరకు, 123 ఏళ్లపాటు, ప్రపంచ పటంలో పోలండ్ అన్న పేరే లేదు. ఆమె ఊరు ఆస్ట్రియా భాగంలోని గలీసియాలో. ఆమె భర్త రష్యా భాగం నుంచి వచ్చాడు, ఎదురింటివాళ్లు జర్మనీ భాగం నుంచి. అమెరికా గుమాస్తాలు ఒకరిని ఆస్ట్రియన్ అని, ఒకరిని రష్యన్ అని, ఒకరిని జర్మన్ అని రాసుకున్నారు. ముగ్గురూ ఒకే వీధిలో ఉంటూ ఒకే చర్చికి వెళ్లి ఒకే భాషలో ప్రార్థన చేసుకున్నారు. లేని దేశాన్ని నాలుగు వీధుల్లో నిలబెట్టుకున్నారు. వాళ్లకు చర్చి అంత ముఖ్యం ఎందుకైందో ఆ పిండిగీతలు చూశాకే నాకు తెలిసింది.

గలీసియాలో భూమి తండ్రి నుంచి కొడుకులకు పంచుకుంటూ పోయి, చివరికి కుటుంబానికి ఒక చెక్క మిగిలేది. "జా ఖ్లెబెమ్" అని వాళ్లలో ఒక మాట ఉంది. రొట్టె కోసం వెళ్లడం. మన పల్లెల్లో పొట్ట చేతపట్టుకుని పోవడం అంటామే, అదే. షికాగో కబేళాలకు, పెన్సిల్వేనియా బొగ్గు గనులకు, బఫెలో, క్లీవ్‌లాండ్, మిల్వాకీ ఫ్యాక్టరీలకు అలా లక్షల మంది వెళ్లారు. అంతకు చాలా ముందే, 1854లో, లియోపోల్డ్ మొచిగెంబా అనే ఫాదరు పిలిస్తే సైలీషియా రైతులు టెక్సాస్‌లో పన్నా మారియా అనే ఊరు కట్టుకున్నారు. క్రిస్మస్ ముందు రోజు అక్కడికి చేరి చెట్టు కింద పూజ చేసుకున్నారట. ఆ కథ బూషా బడిలో సన్యాసినుల దగ్గర నేర్చుకుంది. రామాయణంలోని ఘట్టం చెప్పినట్టు చెప్పేది.

హామ్‌ట్రామిక్ పెరిగింది మాత్రం మోటారు కార్ల వల్ల. డాడ్జ్ సోదరులు 1910లో అక్కడ ఫ్యాక్టరీ మొదలుపెట్టినప్పుడు ఆ ఊరి జనాభా మూడున్నర వేలు. పదేళ్లలో 48 వేలు దాటింది. ఇళ్లు చాలలేదు. బూషా అమ్మ రెండు గదుల్లో ఆరుగురు కూలీలను పెట్టుకుంది. పగటి పాళీ వాళ్లు లేచిన మంచం మీద రాత్రి పాళీ వాళ్లు పడుకునేవారు. "దుప్పటి ఎప్పుడూ చల్లబడేది కాదు" అనేది బూషా. ఎవరి మాంసం ముక్క వాళ్లు కొనుక్కొస్తే, కలిసిపోకుండా ఒక్కోదానికి ఒక్కో రంగు దారం కట్టి ఒకే కుండలో ఉడికించేదట అమ్మ. ఎనిమిదేళ్ల బూషా పని ఆ దారాలు గుర్తుపెట్టుకోవడం. ఎర్రదారం ఎవరిది, నల్లదారం ఎవరిది. డెబ్బై ఏళ్లు గడిచినా ఆమెకు ఆ ఆరుగురి పేర్లు, రంగులు గుర్తున్నాయి.

*

ఆమె నిమ్మళంగా ఉండే మనిషే. కానీ 1935 మాట వస్తే గొంతు మారేది. మాంసం ధరలు పెరిగి కార్మికుల ఇళ్లలో కుండ ఎక్కని రోజులు. మేరీ జుక్ అనే గృహిణి ముందు నిలబడింది. ఇంట్లో మగవాళ్లు పని లేక కూర్చున్నారని, ధర 20 శాతం తగ్గించేవరకు ఎవరూ మాంసం కొనవద్దని ఆడవాళ్లందరూ జోసెఫ్ కాంపో వీధిలో దుకాణాల ముందు నిలబడ్డారు. కొని బయటికొచ్చిన మగవాళ్ల చేతుల్లోంచి పొట్లాలు లాక్కున్నారు. బూషా చంకలో పిల్లాడు. "ఆ పొట్లం నేనూ లాగాను" అని, ఆ ముసలితనంలోనూ చెయ్యి చాపి చూపించేది. ఆ ఉద్యమం డెట్రాయిట్‌కు పాకింది. మరుసటి ఏడు మేరీ జుక్ ఊరి కౌన్సిల్‌కు ఎన్నికైంది.

1937లో డాడ్జ్ ఫ్యాక్టరీలో కార్మికులు యంత్రాలు ఆపి లోపలే కూర్చున్నారు. బూషా భర్త వాళ్లలో ఒకడు. ఆమె రోజూ డబ్బాలో క్యాబేజీ చారు పట్టుకుని గేటుదాకా నడిచి వెళ్లేది. ఏ కిటికీలో ఆయన ముఖం కనిపిస్తుందో అని చూస్తూ నిలబడేదట. ఆ ఫ్యాక్టరీలో ఆయన 38 ఏళ్లు పనిచేశాడు. నేను వెళ్లేసరికి ఆయన లేడు. ఆయన చలికోటు మాత్రం నేలమాళిగ మెట్ల దగ్గర మేకుకు వేలాడుతూ ఉండేది.

1980 జనవరిలో ఆ ఫ్యాక్టరీ మూతపడింది. మరుసటి ఏడు కూల్చడం మొదలుపెట్టారు. ఆ పొగగొట్టాలు వంటింటి కిటికీలోంచి కనిపించేవి. బూషా వాటిని చూసి టైము చెప్పేది. ఎటు పొగ వంగితే అటు గాలి అని బట్టలు ఆరేసేది. కూల్చిన వారం ఆమె ఆ కిటికీకి తెర కుట్టించుకుంది.

*

బూషా చెల్లెలు ఊరి సరిహద్దు అవతల, డెట్రాయిట్‌లో పోల్‌టౌన్ అనే పేటలో ఉండేది. మేము ఆదివారాలు వెళ్లేవాళ్లం. ముందు గులాబీ చెట్టు, వెనక టమాటా మళ్లు, అక్కచెల్లెళ్ల ఎడతెగని మాటలు. ఒక పెద్ద మోటారు కంపెనీకి కొత్త ఫ్యాక్టరీ స్థలం కావాలన్నారు. ఉద్యోగాలు వస్తాయన్నారు. నగర పాలకులు ఆ పేటంతా ఖాళీ చేయించారు. సుమారు 4,200 మంది, పదమూడు వందలకు పైగా ఇళ్లు, దుకాణాలు, చర్చిలు, ఆసుపత్రి. జనం కోర్టుకెళ్లారు. 1981లో మిచిగన్ సుప్రీంకోర్టు పాలకుల పక్షానే తీర్పిచ్చింది. ఆ తీర్పు చెల్లదని అదే కోర్టు 2004లో చెప్పింది. అప్పటికి ఆ ఇళ్లున్న చోట ఫ్యాక్టరీ నడుస్తూ ఇరవై ఏళ్లు కావస్తోంది.

అక్కడ ఇమ్మాక్యులేట్ కన్సెప్షన్ చర్చి ఉండేది. చర్చి పైఅధికారులు దాన్ని అమ్మేశారు. ముసలమ్మలు లోపల కూర్చుని 29 రోజులు కదల్లేదు. బూషా చెల్లెలు వాళ్లలో ఉంది. నేను ఒకసారి బూషాతో కలిసి పియెరోగి డబ్బాలు మోసుకెళ్లాను. పోలీసులు వచ్చి వాళ్లను బయటికి తీసుకెళ్లారు. 1981 జూలైలో చర్చి కూలింది. వాళ్ల తరఫున నిలబడ్డ ఫాదర్ జోసెఫ్ కరాషీవిచ్ ఆ డిసెంబరులోనే కన్నుమూశారు.

ఆ ప్రాంగణంలో బెత్ ఓలెమ్ అనే పాత యూదుల శ్మశానం ఒకటి ఉంది. దాన్ని మాత్రం కదపలేదు. ఫ్యాక్టరీ ఆవరణలోనే ఇప్పటికీ ఉంది; ఏడాదికి రెండు రోజులు గేటు తెరుస్తారు. బూషా చెల్లెలు ఆ సంగతి చెప్పి "చచ్చినవాళ్లను ఉండనిచ్చారు" అంది. ఇంకేమీ అనలేదు. ఆమె తన గులాబీ చెట్టు వేళ్లతో తవ్వి తెచ్చి బూషా పెరట్లో నాటింది. అది బతకలేదు. ఆ తర్వాత ఆమె బూషా ఇంట్లోనే ఉండిపోయింది.

*

ఆ ఏడాది క్రిస్మస్ నేను మరువలేను. డిసెంబరు 13న పోలండ్‌లో సైనిక పాలన పెట్టారు. టెలిఫోన్లు తెగిపోయాయి. బూషాకు అక్కడ పినతల్లి పిల్లలున్నారు. వాళ్లు ప్రతి ఏడాది ఉత్తరంలో మడిచి ఒప్వాతెక్ పంపేవారు. ఏసు పుట్టుక బొమ్మ అచ్చు వేసిన, కాగితమంత పలచటి తెల్ల అప్పం అది. క్రిస్మస్ ముందు రాత్రి విగీలియా విందుకు ముందు ఇంట్లో ప్రతివాళ్లూ అందరి చేతుల్లోంచీ తలా ఒక ముక్క విరుచుకుని దీవెనలు చెప్పుకుంటారు. కొట్లాడుకున్నవాళ్లు కూడా. ఆ ఏడాది ఉత్తరం రాలేదు.

మా వారు పని మీద వేరే ఊరు వెళ్లారు. నేను పైన దీపం వేసుకుని, మా అమ్మకు ఉత్తరం రాస్తూ కూర్చున్నాను. సాయంత్రం మొదటి నక్షత్రం పొడిచాక బూషా మనవడు తలుపు తట్టాడు. "బూషా రమ్మంటోంది. కుర్చీ ఖాళీగా ఉందట."

విగీలియా బల్ల మీద ఒక పళ్లెం ఎక్కువ పెడతారు. అనుకోకుండా వచ్చే మనిషి కోసం. తెల్లటి గుడ్డ కింద ఎండుగడ్డి పరుస్తారు, ఏసు పశువుల పాకలో పుట్టాడని. పన్నెండు రకాల వంటలు, ఒక్కదాంట్లో మాంసం ఉండదు. చేప ఒకటి మాత్రం ఉంటుంది. ఎర్రటి బీట్‌రూటు చారులో పుట్టగొడుగులు పెట్టిన బుల్లి పియెరోగి తేలుతుంటాయి. వాటి పేరు ఊష్కా, చిన్న చెవులు అని అర్థం. పుల్లటి క్యాబేజీ, బఠానీలు. చివరగా తేనె, గసగసాలు నూరి కలిపిన సేమియా. గసగసాల వాసనకు మా ఇంటి పండుగ పాయసం గుర్తొచ్చింది.

నన్ను ఆ ఎక్కువ పళ్లెం ముందు కూర్చోబెట్టి బూషా "గోష్చ్ వ్ దోమ్, బూగ్ వ్ దోమ్" అంది. అతిథి ఇంటికొస్తే దేవుడు ఇంటికొచ్చినట్టు. మా దగ్గర కూడా "అతిథి దేవో భవ" అంటారని చెప్పాను. చెల్లెలు ఆ మాట రెండుసార్లు పలికించుకుంది.

నేను కూర్చోగానే బూషా లోపలికి వెళ్లి ఇంకో పళ్లెం తెచ్చి నా పక్కన పెట్టింది. ఎవరు వస్తున్నారని అడిగాను. "నువ్వు వచ్చేశావుగా. ఆ చోటు నిండింది. ఖాళీది ఒకటి ఉండాలి" అంది.

ఆ రాత్రి కిటికీలో కొవ్వొత్తి పెట్టారు. పోలండ్ ప్రజల కోసం కిటికీల్లో దీపాలు పెట్టమని అధ్యక్షుడు రీగన్ కోరారు. కానీ ఆ వీధిలో ఎవరికీ ఎవరూ చెప్పనక్కర్లేదు. మంచు మీద వరసగా ఇంటింటి వెలుగు. నాకది కార్తీక మాసంలా కనిపించింది.

తర్వాత వారాలన్నీ చర్చి నేలమాళిగలో పార్సెళ్లు కట్టడమే. కాఫీ, చాక్లెట్, మందులు, సబ్బులు, పిల్లల బూట్లు. నేనూ వెళ్లి తాడు ముళ్లు వేశాను. వసంతం వచ్చాక ఒకరోజు ఉత్తరం అందింది. కవరు మీద "ఒత్సెంజురోవానో" అని ముద్ర. తనిఖీ చేశామని అర్థం. లోపల ఒప్వాతెక్ నలిగి పొడిపొడి అయిపోయింది. బూషా నన్ను కిందికి పిలిచి, ఆ పొడి అరచేతిలో పోసుకుని, మూడు భాగాలు చేసింది. ఆమెకు, చెల్లెలికి, నాకు. మంచు కరిగి చాలా రోజులైంది. అయినా ముగ్గురం క్రిస్మస్ దీవెనలు చెప్పుకున్నాం.

*

తర్వాత మేము వేరే పేటలో ఇల్లు కొనుక్కున్నాం. పిల్లలు పుట్టారు. అయినా పోంచ్కి మంగళవారానికి, విగీలియాకు వచ్చేవాళ్లం. 1987 సెప్టెంబరులో పోలండ్‌లో పుట్టిన పోప్ రెండవ జాన్ పాల్ హామ్‌ట్రామిక్ వచ్చినప్పుడు బూషా కోసం మడతకుర్చీ మోసుకెళ్లాను. కార్డినల్‌గా ఉన్నప్పుడు 1969లో ఆయన ఆ ఊరు వచ్చారట. "అప్పుడు ఇంత దగ్గరగా చూశాను" అని అందరికీ చేయి చూపించింది. ఆయన పోలిష్‌లో మాట్లాడుతుంటే ఆ వీధిలో అంత జనం ఊపిరి బిగబట్టి విన్నారు. ఆమె కుర్చీలో కూర్చోనేలేదు.

బూషా పోయినప్పుడు నేను ఇండియాలో ఉన్నాను. మా నాన్న ఆసుపత్రిలో ఉన్నారు. వెళ్లలేకపోయాను. ఆమె కూతురు ఫోను చేసి, ఆమె ఊపిరి ఆగే ముందు పోలిష్ తప్ప ఇంకో భాష మాట్లాడలేదని చెప్పింది.

*

కొన్నేళ్ల కిందట మా అమ్మాయి ఇంటికి వెళ్లినప్పుడు, ఒక్కసారి హామ్‌ట్రామిక్ చూపించమని అడిగాను. సెయింట్ ఫ్లోరియన్ గంటలు ఉన్నాయి. ఇప్పుడు వాటితో పాటు మసీదు అజాన్ కూడా వినిపిస్తుంది. 2004లో ఊరి కౌన్సిల్ అనుమతిచ్చింది. యెమెన్, బంగ్లాదేశ్ నుంచి వచ్చినవాళ్లు ఆ ఇళ్లలో ఉంటున్నారు. దాదాపు వందేళ్లపాటు పోలిష్ మూలాలున్నవాళ్లే మేయర్లుగా ఉన్న ఊరికి 2021లో యెమెన్‌లో పుట్టిన ఆమెర్ గాలిబ్ మేయరుగా ఎన్నికయ్యారు. కొందరు పాతవాళ్లకు ఇది బాధ. నాకు బాధ కలగలేదు. ఆ ఊరు ఎప్పుడూ ఓడ దిగి వచ్చినవాళ్లదే.

బూషా ఇంటి ముందు నిలబడి చూస్తుంటే లోపలి నుంచి ఒకామె వచ్చింది. ముప్పై ఐదేళ్లుంటాయి. బంగ్లాదేశ్‌లోని సిల్హెట్ వాళ్లమని చెప్పింది. నేను ఇక్కడ ఉండేదాన్నని చెప్పగానే చేయి పట్టుకుని లోపలికి తీసుకెళ్లింది. పై వంటిల్లు తళతళలాడుతోంది. "వంట కింద చేస్తాను. ఇల్లంతా చేప వాసన పడితే మా అత్తగారికి నచ్చదు" అంది.

మెట్లు దిగాను. చలికోటు వేలాడిన మేకు ఉంది. బల్ల ఉన్నచోట వేరే బల్ల. మూల సిమెంటు నేల మీద గుండ్రటి తెల్ల మచ్చ అలాగే ఉంది. ఉప్పునీళ్లు దిగి పడ్డ జాడీ అడుగు గుర్తు.

"ఎంత తోమినా ఇది పోదు. ఏముండేది ఇక్కడ?" అని అడిగింది.

పులియబెట్టిన పిండి నీళ్లని, మా ఊళ్లో అన్నంతో చేసేవాళ్లమని చెప్పాను. ఆమె ముఖం విప్పారింది. "పాంతా భాత్" అంది. రాత్రి అన్నంలో నీళ్లు పోసి పొద్దునదాకా ఉంచి, ఉల్లిపాయ, పచ్చిమిరపకాయతో వాళ్లమ్మ పెట్టేదట.

మా అమ్మాయి కారు దగ్గర ఎదురుచూస్తోందని, వెళ్తానని అన్నాను. ఆమె మెట్ల దగ్గరికి వెళ్లి పైకి కేకేసి, మా అమ్మాయిని కూడా దిగి రమ్మంది. బల్ల కిందినుంచి రెండు కుర్చీలు లాగింది.